ఖాళీగా వదలాల్సిన గడి

4వ తేదీ, సోమవారం

వదిన మెట్ల మీద పడిపోయింది. రెండో అంతస్తు మలుపులో. వెనక నేనే ఉన్నాను.

దెబ్బలేమీ తగల్లేదు. పెదాలు నీలంగా అయిపోయాయి. అంతే రాయగలను.

5వ తేదీ, మంగళవారం

డెబ్బై తొమ్మిది.

పెద్దాసుపత్రిలో వదిన గుండెకు స్కానింగ్ చేసి చెప్పిన అంకె. గుండె కుడివైపు నుంచి ఊపిరితిత్తులకు రక్తం తీసుకెళ్ళే నాళంలో ఒత్తిడి. ముప్పై ఐదు దాటితేనే అనుమానించాలట. డెబ్బై తొమ్మిదంటే ఊపిరితిత్తుల్లో నాళాలు బిగుసుకుపోయాయి, కుడి గది వాటిలోకి రక్తాన్ని తొయ్యలేక తొయ్యలేక ఉబ్బిపోయింది అని అర్థం.

ఆరు నెలల క్రితం నేను పనిచేసే స్కానింగ్ సెంటర్లోనే ఈ పరీక్ష చేయించాను. ఇరవై ఐదు. అంతా నార్మల్. అన్న ఆ కాగితాన్ని బీరువాలోంచి తీసి, మడత నలగకుండా పట్టుకొచ్చాడు.

"బీపీ ఎప్పుడూ బాగానే ఉంటుందండీ దీనికి. మొన్న చూస్తే కూడా నూట పది" అన్నాడు డాక్టరుతో. అది చేతికి పట్టీ కట్టి చూసే బీపీ, ఇది ఊపిరితిత్తులది, దీనికీ దానికీ సంబంధం లేదని కుర్ర డాక్టర్ చెప్పాడు. అన్నకు ఎక్కలేదు. బయటికొచ్చి "ఉన్న గుండె ఒకటే కదే, బీపీలు రెండెందుకు?" అని నన్నడిగాడు. నేనేం చదివానని! పదితో ఆపేసి టైపింగ్ నేర్చుకున్నదాన్ని. ఆ చీకటి గదిలో నాలుగేళ్ళు కూర్చుని చెవిన వేసుకున్నదే నా చదువు.

కుర్ర డాక్టర్ మా కాగితం చూసి వెలిగిపోయాడు. "ఆరు నెలల్లో ఇరవై ఐదు నుంచి డెబ్బై తొమ్మిదా? అయితే ఇది ఈమధ్య ఒక్కసారిగా వచ్చిందన్నమాట. ఊపిరితిత్తుల్లో రక్తం గడ్డ అడ్డం పడి ఉంటుంది" అన్నాడు. రక్తం పలచబడే ఇంజెక్షన్లు మొదలుపెట్టారు. పొట్ట మీద పొడుస్తారు. రోజుకు రెండు.

ఎవడో తప్పు చేశాడు. ఎవడో నాకు తెలియాలి. తెలిశాక వాణ్ణి వదలను.

6వ తేదీ, బుధవారం

జెల్లు మామతో పోట్లాడాను. మా టెక్నీషియన్. ఇరవై ఏళ్ళుగా జనం ఛాతీలకు జెల్లు పూసి గుండెలు చూస్తున్నాడు కాబట్టి ఆ పేరు. మనిషి మంచివాడే. ఇవాళ మాత్రం కంటబడగానే ఒళ్ళు మండింది. మొదటి పేషెంటు ఇంకా తెర వెనక చొక్కా విప్పుతున్నాడు, నేను అందుకున్నాను.

"మా వదినకు ఇరవై ఐదు ఎట్లా చెప్పావు మామా? కళ్ళు కనబడకపోతే కళ్ళజోడు మార్చు."

"నేను చెప్పానా ఇరవై ఐదని?"

"రిపోర్టులో ఉంది."

"రిపోర్టు నేను కొట్టను కదే తల్లీ" అన్నాడు. అని, పేషెంటు వినకుండా గొంతు తగ్గించాడు. "ముందు కూర్చో. ఆ ఒత్తిడి ఎట్లా లెక్కేస్తామో తెలుసా నీకు? నాలుగేళ్ళుగా టైపు చేస్తున్నావు, ఒక్కసారన్నా అడిగావా?"

అడగలేదు. మధ్యాహ్నం చెప్పించుకున్నాను.

మిషను ఒత్తిడిని చూడదట. అది చూసేది వేగం ఒక్కటే. కుడివైపు పై గదికీ కింది గదికీ మధ్య ఒక కవాటం. చాలామందికి అది కాస్త లీకవుతుంది, అందులో తప్పేం లేదు. కింది గది బిగుసుకున్నప్పుడల్లా ఆ సందులోంచి రక్తం వెనక్కి సన్నటి ధారగా చిమ్ముతుంది. తోటపైపుకు బొటనవేలు అడ్డం పెట్టి చూడు, అన్నాడు మామ. కుళాయి ఎంత తిప్పితే నీళ్ళు అంత విసురుగా వస్తాయి. విసురు చూసి వెనకాల తోపు ఎంతుందో చెప్పొచ్చు. ధార వేగాన్ని దానితోనే గుణించి, మళ్ళీ నాలుగుతో గుణించాలి. పెద్దాసుపత్రి కాగితంలో వదినది వేగం నాలుగు. నాలుగు నాలుగులు పదహారు, పదహారు నాలుగులు అరవై నాలుగు. దానికి పై గదిలో ఉండే ఒత్తిడి కలపాలి. గుండెలోకొచ్చే పెద్ద సిర ఉబ్బి, గట్టిగా ముక్కు ఎగబీల్చినా కుంచించుకోకపోతే పదిహేను. మొత్తం డెబ్బై తొమ్మిది.

"మరి ధార కనబడకపోతే?"

"కనబడకపోతే వేగం లేదు. వేగం లేకపోతే లెక్క లేదు."

"అంటే ఒత్తిడి లేనట్టా?"

మామ నా మొహంలోకి చూశాడు. "కొలవలేకపోయినట్టు" అన్నాడు. చెయ్యి కడుక్కోవడానికి లేచిపోయాడు.

7వ తేదీ, గురువారం

నా తప్పేం లేదు.

గదిలో పని ఎట్లా జరుగుతుందో రాస్తాను. మామ మంచం పక్కన కూర్చుని పేషెంటు ఛాతీ మీద పరికరం కదుపుతూ అంకెలు పైకి చదువుతాడు. నేను అతని వీపు వెనక టేబుల్ దగ్గర కొడతాను. వెలుగంతా రెండు స్క్రీన్లది. ఫారంలో నలభై ఒక్క గడులు. ఏ గడి ఖాళీగా ఉన్నా, రిపోర్టుల మీద సంతకం పెట్టే మా సంతకాల డాక్టరు కాగితం వెనక్కి పంపుతాడు. "ఇదేమిటి, పళ్ళూడిన నోరులా? నింపి తీసుకురా" అంటాడు. ఆయన గుండెలు చూడడు. కాగితాలే చూస్తాడు. ఒక్కో కాగితానికి ఒక్క క్షణం.

అందుకని మొదటి ఏడాదే నేనొక ఫారం తయారు చేసుకున్నాను. నలభై ఒక్క గడుల్లోనూ మంచి అంకెలు ముందే నింపిపెట్టి ఉంటాయి. మామ వేరే అంకె చదివితే ఆ గడి మారుస్తాను. చదవకుండా దాటేస్తే ఉన్నది ఉంటుంది. అంతకుముందు రోజుకు ఇరవై రిపోర్టులు తేల్చడానికే చీకటిపడేది. నా ఫారంతో నలభై. సంతకాల డాక్టరు నన్ను రైలింజను అని పిలిచాడు. అందరి ముందూ.

ఎవరూ వద్దనలేదు. వద్దని ఉంటే మానేదాన్ని.

8వ తేదీ, శుక్రవారం

వార్డుకు పెద్ద డాక్టరమ్మ వచ్చింది. పొట్టి మనిషి, మంచం ఎత్తే ఉంటుంది, కుర్ర డాక్టర్లు మాత్రం ఆమెను చూసి గోడలకు అతుక్కుపోతారు. వదిన స్కానింగ్ అటూ ఇటూ తిప్పి చూసింది. మా పాత కాగితం చూసింది. మళ్ళీ స్కానింగ్ చూసింది.

"ఈ ఇరవై ఐదు నాకు మింగుడు పడటం లేదు" అంది. "కుడి గది గోడ చూడు, ఎంత మందమో. బరువులెత్తితే కండ పెరిగినట్టు పెరిగింది. ఒక్క వారంలో రాదు అది. ఉన్నట్టుండి గడ్డ అడ్డం పడితే అలవాటు లేని గది ఇంత గట్టిగా తొయ్యనూ లేదు, చతికిలబడుతుంది. ఇది ఏళ్ళ తరబడి ఉన్న జబ్బులా ఉంది."

"కానీ మేడమ్, ఆరు నెలల క్రితం నార్మల్..." అన్నాడు కుర్ర డాక్టరు.

"అదే చెప్తున్నా. పాత జబ్బయితే గుండెలోకి గొట్టం పంపి ఒత్తిడి నేరుగా కొలవాలి, వెంటనే. గడ్డయితే పది రోజులు ఇంజెక్షన్లిచ్చి చూడాలి. ఆ కాగితం నిజమో కాదో తేలాలి." నావైపు తిరిగింది. "నువ్వేనటగా ఆ సెంటర్లో పనిచేసేది? అప్పటి వీడియోలు ఉంటాయి కదమ్మా కంప్యూటర్లో. తెచ్చిపెట్టు."

"మూడు నెలలకు చెరిగిపోతాయండీ" అన్నాను.

చెరిగిపోవు. ఆరేళ్ళవి ఉన్నాయి.

ఎందుకన్నానో తెలియదు. నోరు దానంతటదే అంది. రేపు చూస్తాను, తీసుకెళ్ళి ఇచ్చేస్తాను, దొరికాయండీ అంటాను. అంతేగా.

9వ తేదీ, శనివారం

పని ఎక్కువుంది. చూడటం కుదర్లేదు.

10వ తేదీ, ఆదివారం

వదిన పొట్ట మీద నల్లమచ్చలు. సూది పొడిచిన ప్రతిచోటా అరచెయ్యంత మచ్చ. పొద్దున్న పళ్ళు తోముకుంటే చిగుళ్ళలోంచి రక్తం ఆగలేదట. దుప్పటి పైకి లాక్కుంటూ "ఏం చూస్తావే, మ్యాపులా ఉందా?" అని నవ్వింది. నవ్వడానికి కూడా మధ్యలో ఆగాల్సి వచ్చింది.

"షాపులో నా మిషను ఎవరికన్నా ఇచ్చేశారేమో కనుక్కో" అంది. వదిన యూనిఫారాలు కుట్టే చోట కాలర్లు వేస్తుంది. ఆ చోటు కూడా రెండో అంతస్తే. "ఇచ్చేసి ఉంటే ఆ సూపర్‌వైజరుకు నా శాపం తగులుతుందని చెప్పు. చెయ్యగలిగిన పని అదొక్కటే ఇప్పుడు."

ఊపిరితిత్తుల స్కానింగులో పెద్ద గడ్డలేవీ కనబడలేదని, చిన్నవి ఉండొచ్చని, ఇంజెక్షన్లు ఆపవద్దని కుర్ర డాక్టరు రాసి వెళ్ళాడు.

11వ తేదీ, సోమవారం

సాయంత్రం ఇంట్లో ఒక్కదాన్నే. అన్న ఆసుపత్రిలో.

మూడో అంతస్తు మాది. మెట్లు యాభై నాలుగు. తలుపు మూసి ఉన్నా ఎవరు ఎక్కుతున్నారో తెలుస్తుంది. ఆరింటికి ఎవరో ఎక్కుతున్నారు. పద్దెనిమిది అయ్యాయి, ఆగింది. మళ్ళీ మొదలయింది. ముప్పై ఆరు. ఆగింది. చాలాసేపు ఆగింది. నేను తలుపు దగ్గరికి వెళ్ళి నిలబడ్డాను. గొళ్ళెం మీద చెయ్యి వేశాను కానీ తియ్యలేదు. కింది ఇంటాయన. తాళంచెవి వెతుక్కుంటున్నాడు. తలుపు తీసిన చప్పుడు కూడా వినబడింది. అయినా నేను అక్కడే నిలబడ్డాను, మిగిలిన పద్దెనిమిది కోసం.

రాసేస్తాను. ఎవరు చూస్తారు.

ఆ రిపోర్టు వచ్చాక ఇంట్లో నేనేం చేశానో రాస్తాను. వదిన మెట్ల మలుపులో ఆగి గోడ పట్టుకుంటే, నేను వెనక నిలబడి పైకి లెక్కబెట్టేదాన్ని. "ముప్పై ఆరు... ముప్పై ఆరు... వదినా, ముప్పై ఏడు ఎప్పుడొస్తుంది? టికెట్ తియ్యాలా?" అన్న పగలబడి నవ్వేవాడు. "ఇరవై ఐదు ఉంది నీ గుండె, నా గుండె కన్నా నయం. ఆయాసమంతా వంటింటి పని చూసి వచ్చేదే" అనేదాన్ని. మొదట్లో తనూ నవ్వేది. తర్వాత సమాధానం చెప్పడం మానేసింది. ఆ తర్వాత నేను ముందు వెళ్ళిపోయేదాకా కింద చెప్పులు సర్దుకుంటున్నట్టు నిలబడేది.

నాలుగో తేదీన కూడా లెక్కబెడుతున్నాను.

12వ తేదీ, మంగళవారం

పేషెంటు పడుకుంటాడు. మామ అంకెలు చదువుతాడు. కొన్ని చదవడు. చదవనప్పుడల్లా ఆ గడిలో ఇరవై ఐదు నన్ను చూస్తూ ఉంటుంది. ఇవాళ ఆరుసార్లు. అన్నిసార్లు నేను చెరిపాను. ఖాళీగా పంపాను. ఆరూ వెనక్కొచ్చాయి. "రైలింజనుకు ఏమైంది ఇవాళ?" అన్నాడు సంతకాల డాక్టరు.

ఏడోది వచ్చినప్పుడు అలసిపోయి వదిలేశాను. ఇరవై ఐదు ఉండగానే పంపాను. సంతకం అయింది.

ఇది కూడా రాశాను కాబట్టి ఇక నాకు నేను చెప్పుకునే కథలేవీ మిగల్లేదు.

13వ తేదీ, బుధవారం

వదిన వీడియో తెరిచాను. మామను పిలిచాను. ఇద్దరం నిలబడే చూశాం.

నాకు ఒక బొమ్మకూ ఇంకో బొమ్మకూ తేడా తెలియదనుకునేదాన్ని. ఇది తెలిసింది. ధార ఉండాల్సిన చోట పొగ. అంచు లేని పొగ. ఎక్కడ మొదలయిందో ఎక్కడ ఆగిందో గీత గియ్యడానికి లేదు. మామ మూడుసార్లు ప్రయత్నించాడు, మూడుసార్లూ పొగే.

"ఇది కొలతకు పనికిరాదు. ఇట్లాంటప్పుడు నేనేమీ చదవను. చదవలేదు కాబట్టి ఖాళీ వదిలి ఉంటావనుకున్నా" అన్నాడు.

"ఖాళీ వదిలితే ఆయన వెనక్కి పంపుతాడని నీకు తెలియదా మామా?"

"తెలుసు."

"పంపనప్పుడు మరి నేనేం చేస్తున్నాననుకున్నావు?"

మామ వీడియో ముందుకు జరిపి ఒకచోట ఆపాడు. "ఇదిగో, కుడి గది. చూడు, ఎడమదాన్ని పక్కకు నెడుతోంది. ఇది అప్పుడే ఉంది. దీనికి అంకెలు అక్కర్లేదు. నేను నోటితో చెప్పాల్సింది. నలభైమంది బయట కూర్చుని ఉన్నారని దాటేశాను." కుర్చీలో కూలబడ్డాడు. కళ్ళజోడు తీసి కోటు అంచుతో తుడిచాడు, తుడుస్తూనే ఉన్నాడు.

పోట్లాడటానికి నా దగ్గర ఏమీ లేదు. వారం రోజులుగా వెతుకుతున్న మనిషి దొరికాడు. ఒకడు కాదు, ముగ్గురు. మొదటిది నేను.

14వ తేదీ, గురువారం

సీడీ పట్టుకుని పొద్దున్నే డాక్టరమ్మ గది ముందు నిలబడ్డాను. చెప్పాను. చెరిగిపోలేదండీ, అబద్ధం చెప్పాను. ఇరవై ఐదు ఎవరూ కొలవలేదండీ, నా ఫారంలో ఉన్న అంకె అది.

తిడుతుందనుకున్నాను. తిడితే బాగుండేది. గడియారం చూసింది.

"శుక్రవారం అడిగాను నిన్ను. ఆరు రోజులు" అంది. ఫోను తీసి కుర్ర డాక్టరుకు చెప్పింది, "ఆ ఇంజెక్షన్లు ఆపండి. గొట్టం పరీక్షకు సోమవారం మొదటి కేసు ఈమెదే. అవును, ముందుకు జరపండి. పాత కాగితాన్ని ఫైల్లోంచి తీసి నాకివ్వండి." ఫోను పెట్టేసి మళ్ళీ నన్ను చూసింది. "మీ వదినకు తెలుసా?"

"లేదండీ."

"నేను చెప్పను. అది నా పని కాదు."

15వ తేదీ, శుక్రవారం

చెప్పాను.

అన్నను టీకి పంపి చెప్పాను. ఫారం గురించి, గడి గురించి, పొగ గురించి, ఆరు రోజుల గురించి. మంచం కాళ్ళ దగ్గర నిలబడి, పాఠం అప్పజెప్పినట్టు చెప్పాను.

వదిన మొహం మొదట విప్పారింది. అది నేను ఊహించలేదు.

"అంటే నేను దొంగ ఏడుపు ఏడవలేదన్నమాట" అంది. "నాకు నిజంగానే ఆయాసం వచ్చేదన్నమాట."

"అవును వదినా."

"నేనే నమ్మేశానే. కాగితం బాగుంది కదా, నా ఒంట్లోనే బద్ధకం ఉందేమో, నాకే బుర్ర పాడయిందేమో అనుకున్నా. షాపులో ఎవరూ చూడకుండా బాత్రూములో కూర్చుని ఊపిరి పీల్చుకుని వచ్చేదాన్ని. సిగ్గేసి." ఆగింది. ఊపిరి కోసం అనుకున్నాను. కాదు. "నువ్వు లెక్కబెట్టేదానివి."

నేను తల దించుకున్నాను.

"అంకె తప్పు కొట్టావు, సరే. చేతి పని, తప్పుతుంది. నేనూ కాలర్లు తిరగేసి కుట్టాను. కానీ మనిషిని కదే నేను, నీ ఎదురుగా గోడ పట్టుకుని నిలబడ్డ మనిషిని. నన్ను చూడకుండా ఆ కాగితం చూశావు. ఇంట్లో ఒక్కరంటే ఒక్కరు, నీకెలా ఉంది అని అడిగారా?"

"వదినా..."

"వెళ్ళు. రేపట్నుంచి మీ అన్నను రమ్మను. నువ్వు రాకు."

గోడవైపు తిరిగి పడుకుంది. నేను వచ్చేశాను. అన్న రెండు టీ కప్పులతో ఎదురొచ్చి "ఏమైందే?" అంటే, అతనికీ చెప్పాను. వరండాలో, జనం మధ్య. కప్పు కిందపెట్టాడు. కొడతాడనుకున్నాను. "నేనూ నవ్వాను కదే" అన్నాడు. అంతే అన్నాడు.

16వ తేదీ, శనివారం

పనికి వెళ్ళాను. ఫారం తీసేశాను. నలభై ఒక్క గడులూ ఖాళీ. పద్దెనిమిది రిపోర్టులే అయ్యాయి. బయట జనం అరిచారు. అరవనీ.

17వ తేదీ, ఆదివారం

వెళ్ళలేదు. రావద్దంది కదా.

18వ తేదీ, సోమవారం

మెడ దగ్గర సిరలోంచి సన్నటి గొట్టం గుండె కుడివైపుకు, అక్కణ్ణుంచి ఊపిరితిత్తుల నాళంలోకి పంపి చూశారు. లెక్కలేమీ లేవు, గుణించడాలు లేవు. ఒత్తిడి నేరుగా స్క్రీన్ మీదికి వచ్చింది. సగటున యాభై రెండు. ఇరవై దాటకూడదట. ఎడమవైపు గుండె బాగుంది. గడ్డలు లేవు. నాళాల జబ్బే, వాటంతటవే బిగుసుకుపోయే జబ్బు. ఏళ్ళుగా ఉండి ఉంటుంది.

పూర్తిగా పోదు. మాత్రలున్నాయి, జీవితాంతం వాడాలి. కొందరికి బాగా పనిచేస్తాయి. ఆరు నెలల ముందు మొదలుపెట్టి ఉంటే ఇంకా బాగుండేదా అని అన్న అడిగాడట. "ఉండేది" అందట డాక్టరమ్మ. దాచలేదు. అందుకు ఆమె మీద గౌరవం, కోపం రెండూ ఉన్నాయి నాకు.

ఇవన్నీ అన్న ఫోన్లో చెప్పాడు. నేను ఆసుపత్రి గేటు బయటే ఉన్నాను. అది అతనికి చెప్పలేదు.

20వ తేదీ, బుధవారం

వదిన రమ్మంది.

మొదటి మాత్రలు పడ్డాయి. మొహం ఎర్రగా ఉంది, తలనొప్పి అంది. కూర్చోమనలేదు. నిలబడే ఉన్నాను.

"నిన్ను క్షమించడానికి పిలవలేదు. ఆ ఆశేం పెట్టుకోకు" అంది. "నిన్న పొద్దుట్నుంచి ఒకటే తొలుస్తోంది. నాకు కొట్టావు ఇరవై ఐదు. ఇంకెంతమందికి కొట్టావు?"

నాలుగేళ్ళు. రోజుకు నలభై.

"తెలియదు" అన్నాను.

"కనుక్కో. నాకైతే మెట్లమీద పడితే వెనక నువ్వున్నావు, ఎత్తడానికి. వాళ్ళకెవరున్నారు?"

21వ తేదీ, గురువారం

సంతకాల డాక్టరు గదిలోకి మామా నేనూ కలిసి వెళ్ళాం. విన్నాడు. మొదట నన్ను తీసేస్తానన్నాడు. తీసెయ్యండి, కానీ ముందు వీడియోలు చూడనివ్వండి అన్నాను. నాకు టైపింగే వచ్చు, మళ్ళీ ఇంకోచోట కొట్టుకుంటాను, కానీ మీ సంతకాన్ని మీరెక్కడికి తీసుకెళ్తారు అని కూడా అన్నాను. గొంతు లేచింది. లేవనిచ్చాను.

చాలాసేపు పెన్ను మూత తీస్తూ పెడుతూ కూర్చున్నాడు. "ఎన్నుంటాయి?" అన్నాడు చివరికి.

23వ తేదీ, శనివారం

మూడు రోజులుగా మామ కళ్ళు వాచిపోయేలా చూస్తున్నాడు. ముందు ఈ ఏడాదివి. గడిలో ఇరవై ఐదు ఉన్నవన్నీ తీశాను. చాలావాటిలో గుండె నిజంగానే బాగుంది. వాటిని పక్కన పెట్టాడు. ధార లేక, కుడి గది పెద్దదై ఉన్నవి వేరే తీశాడు. ముప్పై ఏడు. పాత ఏళ్ళవి ఇంకా ఉన్నాయి.

సెంటర్ నుంచి ఉత్తరం వెళ్తుందట. "మరోసారి పరీక్ష చేయించుకోగలరు" అని. ఎందుకో రాయరట. నేను ఫోన్లు చేస్తానన్నాను. ఎందుకో చెప్తానన్నాను. ఎవరూ అవునన్లేదు, కాదన్లేదు.

తేదీ రాయను. ఇవాళ్టి అంకె నా చేత్తో ఇంక రాయలేను. సోమవారం.

మధ్యాహ్నం, పేషెంట్లు లేని గంటలో మొదలుపెట్టాను. మామ పక్కన స్టూలు మీద కూర్చున్నాడు, జాబితా పట్టుకుని.

మొదటాయన నవ్వాడు. "కొత్త ఆఫరా అమ్మా?" అన్నాడు. పది నిమిషాలు పట్టింది నమ్మించడానికి, రేపు వస్తానన్నాడు. రెండోది మోగి మోగి ఆగింది. మూడో ఆవిడ కూరగాయల బేరం మధ్యలో ఉంది, విషయం అర్థం కాగానే బేరం వదిలేసి నన్ను కడిగిపారేసింది. నా వంశం మొత్తాన్ని లేపింది. తిట్టినంతసేపూ నాకు ఊరటగా ఉంది. వస్తానంది. నాలుగు, ఐదు వస్తామన్నారు.

ఆరోది ఎవరో అమ్మాయి ఎత్తింది. నా వయసే ఉంటుంది.

"అమ్మ పోయి రెండు నెలలైంది. ఎవరు మీరు?"

మామ జాబితాలో ఆ పేరు మీద వేలు పెట్టాడు. వేలు తీసేశాడు.

చెప్పాను. మామూలుగా చెప్పే వరసలోనే చెప్పాను, ఫారం, గడి, అంకె. అటువైపు ఎక్కడో కుక్కర్ కూత వినబడింది, ఎవరూ స్టవ్ కట్టెయ్యలేదు.

"ఇది నాకు కాదు, మా నాన్నకు చెప్పండి" అంది. "రిపోర్టు బాగుంది, నీకు ఒళ్ళు వంగటం లేదంతే అని రోజూ పొద్దున్నే పార్కు చుట్టూ తిప్పేవాడు. చివరి వారం కూడా. ఆయాసం నటిస్తోందని అమ్మతో మాట్లాడటం మానేశాడు. మాట్లాడకుండానే పోయింది."

"పెద్దాయన కదండీ, ఇప్పుడు..."

"నేను చెప్తే నమ్మడు. మీ కాగితాన్ని నమ్మాడు. మీరే చెప్పండి."

కుర్చీ జరిపిన చప్పుడు. చెప్పుల చప్పుడు, నెమ్మదిగా. మామ వద్దన్నట్టు తల అడ్డంగా ఊపాడు, కట్ చెయ్యమని వేళ్ళతో సైగ చేశాడు. నేను చూడనట్టే కూర్చున్నాను.

"హలో. ఎవరమ్మా?"

"స్కానింగ్ సెంటర్ నుంచండీ. మీ ఆవిడ గుండె రిపోర్టు టైపు చేసింది నేనే."

"ఆహా. అది బాగానే వచ్చిందిగా. నా దగ్గరే ఉంది, జాగ్రత్తగా పెట్టాను. ఇరవై ఐదు."

"ఆ అంకె మేం కొలవలేదండీ" అన్నాను. "కొలవడం కుదరలేదు. కుదరలేదని రాయాల్సిన చోట నేను ఆ అంకె ఉంచేశాను. వీడియో మళ్ళీ చూశాం. ఆవిడకు జబ్బు అప్పటికే ఉంది. ఆవిడ నటించలేదండీ. ఆయాసం నిజమే."

ఆయన ఫోను పెట్టలేదు. ఊపిరి వినబడుతూ ఉంది, పైకీ కిందికీ, పైకీ కిందికీ. నేనూ పెట్టలేదు.